పటంలో ముఖం, జ్ఞాపకంలో నడక

(విశ్వావసు నామ సంవత్సర ఉగాదినాడు, 2025 మార్చి 30న, ఆవడిలో మన సంఘ సభలో చేసిన ప్రసంగ పాఠం)



ఉగాది పచ్చడి పుచ్చుకొని, పంచాంగ శ్రవణం విని, ఇక పిల్లల పాటలు ఎప్పుడు మొదలవుతాయా అని చూస్తున్న మిమ్మల్ని మధ్యలో ఆపి ప్రసంగం వినిపించడం న్యాయం కాదని నాకు తెలుసు. ఐతే తప్పు పూర్తిగా నాది కాదు. ఈ సంక్రాంతికి మా యింటి గోడమీద నలభై సెకన్లపాటు ఆడిన ఒక చిన్న బొమ్మల చిత్రాన్ని కార్యదర్శిగారు చూశారు. చూసి, "ఆ సంగతి నలుగురికీ చెప్పవలసిందే" అని పట్టుబట్టారు. నేను చిత్రకారుణ్ణి కాను. ముప్ఫై యేళ్ళకు పైగా ఇక్కడి టాంకుల ఫాక్టరీలో ఇనుముతో పని చేసి, 2022లో విశ్రాంతి తీసుకొన్నవాణ్ణి. అందుచేత కళను గురించి ఉపన్యాసం ఇవ్వలేను. మా యింట్లో జరిగినది జరిగినట్టు మనవి చేస్తాను.

ఇప్పుడు మొదలైనది విశ్వావసు. అరవై యేళ్ళ క్రిందటి విశ్వావసు 1965లో వచ్చింది. మా నాన్నగారు నెల్లూరు జిల్లా గూడూరు దగ్గర పల్లెనుంచి రైలెక్కి, ఒక రేకు పెట్టెతో ఆవడి స్టేషనులో దిగినది ఆ యేడే. పదేళ్ళకు ముందు, 1955 జనవరిలో కాంగ్రెసు మహాసభ జరిగిన ఊరుగా ఆవడి పేరు దేశమంతటా వినబడింది. 1965లోనే ఇక్కడి భారీ వాహనాల కర్మాగారంనుంచి మొదటి విజయంత టాంకు బయటికి వచ్చింది. మా అమ్మగారిది తిరుత్తణి. ఆమె పుట్టేనాటికి అది చిత్తూరు జిల్లా. 1960 ఏప్రిల్ 1న సరిహద్దు మారి ఆ తాలూకా మద్రాసు రాష్ట్రంలో కలిసింది. "మీ నాన్న వలస వచ్చాడు, నేను రాలేదురా. నేను కూర్చున్నచోటే వున్నాను, గీత జరిగింది" అని ఆమె నవ్వుతూ అనేది.

ఆ యేడు నాన్నగారు మొదటి జీతంతో ఒక స్టూడియోలో ఫోటో తీయించారు. ఆయన కుర్చీలో, అమ్మ ప్రక్కన నిలబడి, మూడేళ్ళవాణ్ణి నేను మధ్యలో. ముగ్గురం ఊపిరి బిగబట్టినట్టే వుంటాము. ఊరికి ఒక ప్రతి పంపారు. ఒకటి మా హాలులో అద్దం వెనుక యాభై యేళ్ళు వ్రేలాడింది. మీలో చాలామంది ఇండ్లలో ఇటువంటి పటం ఒకటి వుండే వుంటుంది. వలస వచ్చినవాడికి పొలం ఇక్కడ లేదు, పాత గడప లేదు. పెట్టెలో వచ్చిన నాలుగు పటాలే అతని పూర్వార్జితం.

2015 డిసెంబరు వరదలు మీకు జ్ఞాపకం వుండకపోవు. మా యింట్లో మోకాటిలోతు నీరు రెండు రోజులు నిలిచింది. బీరువా క్రింది అరలో వున్న ఆల్బములన్నీ నానిపోయినాయి. నీరు తీసిన తరువాత విప్పి చూస్తే ఒక విచిత్రం కనబడింది. 1965 నాటి నలుపు తెలుపు ఫోటో అంచులు ముడుతలు పడ్డా మనుషులు మనుషులుగానే వున్నారు. 1986లో జరిగిన మా చెల్లెలి పెండ్లి రంగుల ఆల్బం మాత్రం, పుటకు పుటా, ఎరుపు పసుపు మడుగులై పోయింది. ముఖం అన్నది ఒక్కటి మిగలలేదు.

దీనికి కారణం తరువాత తెలుసుకొన్నాను. నలుపు తెలుపు ఫోటోలో బొమ్మను నిలిపేది జెలటిన్ పొరలో ఇమిడిన వెండి రేణువులు. రంగుల ఫోటోలో వెండి వుండదు. అద్దకం వంటి రంగులు మూడు పొరలుగా, ఒకదానిపై ఒకటి వుంటాయి. అన్నిటికన్న పైన ఆకాశనీలం, దాని క్రింద ముదురు గులాబీ, అడుగున కాగితానికి దగ్గరగా పసుపు. జెలటిన్ నీటిలో నానితే ఉబ్బి, మెత్తబడి, జారిపోతుంది. పైపొర పోతే బొమ్మ ఎర్రబడుతుంది. రెండో పొరా పోతే పసుపు మిగులుతుంది. అదీ పోతే తెల్ల కాగితం. అంటే మా చెల్లెలి పెండ్లి ఒక వరుసలోనే చెరిగిపోయిందన్నమాట.

చెల్లెలు ఆ ఆల్బం ఒడిలో పెట్టుకొని యేడ్చింది. ప్రక్కన కూర్చున్న ఆమె కూతురు, అంటే మా మేనకోడలు, యేడవలేదు. ఆ పుటలనే తదేకంగా చూస్తూ కూర్చొన్నది. ఆ పిల్ల బొమ్మల చదువు చదివినది. "మామయ్యా, వీటిని పారేయకండి" అని మాత్రం చెప్పి వెళ్ళిపోయింది. అప్పుడు నాకు కొంచెం కోపమే వచ్చింది.

తరువాత కొన్నేళ్ళకు ఇంకొక సంగతి జరిగింది. పాత ఫోటోలో ముఖాన్ని కంప్యూటరు చేత కదిలించే సేవలు 2021 ప్రాంతంలో ప్రచారంలోకి వచ్చాయి. మా అబ్బాయి ముచ్చటపడి 1965 నాటి పటాన్ని అందులో పెట్టాడు. అమ్మ కన్నార్పింది, తల త్రిప్పింది, నవ్వింది. ఇంటిల్లిపాదీ ఒక్క క్షణం ఊపిరి తీయలేదు. రెండోసారి చూసేటప్పటికి నా మనస్సు విరిగింది. మా అమ్మ నవ్వితే ముందు కొంగు నోటికి అడ్డం వచ్చేది. ఆ తరువాతనే కండ్లు చిన్నవయ్యేవి. ఈ నవ్వు ఆమెది కాదు. ఎవరెవరి నవ్వులో చూసి నేర్చిన యంత్రం, సగటున ఒక నవ్వు తయారుచేసి మా అమ్మ ముఖానికి అతికించింది. అమ్మ 2011లో పోయింది. నా మనుమరాలు 2012లో పుట్టింది. ఆ పిల్ల ఆ నవ్వునే చూసి, "జేజమ్మ ఇలా నవ్వేదా తాతయ్యా?" అని అడిగింది. కాదని చెప్పగలిగాను గాని, ఎలా నవ్వేదో చూపలేకపోయాను.

ఆ రాత్రి నాకు తోచినది ఇది. ఫోటో ముఖాన్ని దాచింది, కదలికను దాచలేదు. కదలిక మన జ్ఞాపకంలో వున్నది. నాన్న నడక, అమ్మ వంగే తీరు, తాత దగ్గు, ఇవి ఏ ఆల్బములోనూ లేవు. మేము పోతే అవీ పోతాయి. ఈ మాట మేనకోడలికి చెబితే, "ఐతే ముఖాన్ని వదిలేద్దాం మామయ్యా. కదలికనే గీద్దాం" అన్నది.

ఇక్కడ రెండు మాటలు విప్పి చెప్పాలి. కదిలే బొమ్మ అంటే నిజానికి కదలని బొమ్మల వరుస. 1832లో బెల్జియం దేశపు ప్లేటో అనే శాస్త్రజ్ఞుడు ఒక చక్రం చుట్టూ కొంచెం కొంచెం మారిన బొమ్మలు వేసి, చక్రం త్రిప్పి, సందుల్లోంచి అద్దంలో చూస్తే బొమ్మ కదిలినట్టు కనబడుతుందని చూపాడు. కన్నును ఇట్లా నమ్మించే ఉపాయం కనిపెట్టిన ఆయనే 1843 నాటికి చూపు కోల్పోయాడు. సినిమాలో సెకనుకు ఇరవై నాలుగు బొమ్మలు. ఒక్కొక్క బొమ్మను రెండుసార్లు వాడుకొంటే సెకనుకు పన్నెండు గీస్తే సరిపోతుంది. మనకు ఇది బొత్తిగా కొత్త కాదు. తెర వెనుక దీపం పెట్టి తోలుబొమ్మ చెయ్యి ఆడించినవారికి, కదలికలోనే ప్రాణం వున్నదని ఎవరూ చెప్పనక్కరలేదు. నిమ్మలకుంటలో ఆ విద్యను నిలుపుతున్న దళవాయి చలపతిరావుగారికి 2020లో పద్మశ్రీ ఇచ్చారు.

రెండోది నైరూప్యం. ఈ మాట వినగానే అర్థంకాని బొమ్మ అని మనం ముఖం త్రిప్పుకొంటాము. కాని మన ఆడవాళ్ళు ప్రతి ఉదయం వాకిట్లో వేసే మెలికల ముగ్గు ఏమి బొమ్మ? పువ్వు కాదు, పక్షి కాదు. చుక్కల చుట్టూ తిరిగి, బయలుదేరినచోటికే వచ్చి చేరే గీత. దానికి అర్థమేమని ఎవ్వరూ అడగరు. చూస్తే మనస్సు నిలుస్తుంది, అంతే. నైరూప్య చిత్రమంటే నాకు తెలిసినంతలో ఇదే.

లోకంలో ఈ రెంటినీ కలిపినవారు వున్నారు. కెనడాలో నార్మన్ మెక్‌లారెన్, ఈవ్లిన్ లాంబార్ట్ అనే ఇద్దరు 1949లో కెమేరా లేకుండా ఫిల్ము మీదనే రంగులు పూసి, గీరి, ఆస్కార్ పీటర్సన్ పియానోకు సరిగ్గా ఆడేటట్టు ఒక చిత్రం చేశారు. మన దేశంలో ఫిలిమ్స్ డివిజన్‌వారు 1956లో అమెరికానుంచి క్లెయిర్ వీక్స్ అనే నిపుణుణ్ణి రప్పించి మనవాళ్ళకు బొమ్మల చిత్రాల పని నేర్పించారు. బొంబాయి చిత్రకారుడు అక్బర్ పదంసీ 1969-70 ప్రాంతంలో తనకు వచ్చిన నెహ్రూ ఫెలోషిప్ డబ్బుతో, గీతలే పాత్రలుగా "సిజిజీ" అనే చిత్రం తీశాడు. ఇంటి ఫోటోల సంగతికి వస్తే, వివాన్ సుందరం 2001-02లో తన తాత ఉమ్రావ్ సింగ్ షేర్‌గిల్ తీసిన కుటుంబ ఛాయాచిత్రాలను కంప్యూటరులో కలిపి, తన పెద్దమ్మ అమృతా షేర్‌గిల్‌ను కొత్త పటాల్లో నిలబెట్టాడు. అవి కదలవు. ఐనా, ఇంటి పటం గోడకు వ్రేలాడడానికి మాత్రమే కాదని వాటిని చూస్తే తెలుస్తుంది. ఇవన్నీ మేనకోడలు చెప్పగా నేర్చుకొన్నవే.

ఇక మా పని. ముందుగా ప్రతి ఫోటోకూ నకలు తీశాము. అసలు ఫోటోల మీద ఒక్క గీత కూడా పెట్టలేదు. నకలు మీద పలుచని కాగితం పరిచి, ముఖం వదిలి, ఆ మనిషి ఒంటి వాలును మాత్రం ఒకటి రెండు గీతల్లో ఎత్తుకొన్నాము. అది మొదటి బొమ్మ. రెండో బొమ్మ ఎట్లా? ఫోటో అక్కడ ఆగిపోయింది. ఇకమీద అడగవలసింది మనుషులను.

నాన్నగారు సైకిలు పట్టుకొని నిలబడ్డ ఫోటో ఒకటి వున్నది. "తాతయ్య సైకిలు ఎట్లా ఎక్కేవారు?" అని మేనకోడలు అడిగింది. నేను ఒకటి చెప్పాను, తమ్ముడు ఇంకొకటి చెప్పాడు. ఎడమకాలు పెడలు మీద పెట్టి మూడు గంతులు వేసేవారని నేను. లేదు, అరుగుమీదనుంచి నేరుగా ఎక్కేవారని వాడు. అరవై దాటిన నేను, అరవైకి దగ్గరపడ్డ వాడు, ఇద్దరం హాలులో లేచి నిలబడి చేసి చూపాము. మా ఆవిడ నవ్వలేక చచ్చింది. చివరికి తేలినదేమంటే ఇద్దరమూ నిజమే. నా చిన్ననాడు ఆయన గంతులు వేసేవారు. ఫాక్టరీలో మోకాలికి దెబ్బ తగిలిన తరువాత అరుగు వాడుకొన్నారు. ఆ దెబ్బ సంగతి మాకెవ్వరికీ చెప్పలేదు. నాలుగేళ్ళు చిన్నవాడు కాబట్టి తమ్ముడు తరువాతి నాన్నను చూశాడు. ఆయన పోయి ఇరవై ఆరేళ్ళయ్యాక, నాన్నను గురించి ఒక కొత్త సంగతి ఆనాడు తెలిసింది. చిత్రంలో ఆయన ఒక నల్లని వాలుగీత. మూడుసార్లు ఎగిరి సాగుతుంది. నడుమ ఒకచోట వంగుతుంది. ఆ తరువాత ఎగరదు, మెల్లగా జారుతుంది. అంతే.

అమ్మ ఫోటోలలో మేము ఎన్నుకొన్నది, మా ఇంట్లో "చెడిపోయిన ఫోటో" అని పేరుపడ్డది. 1968 సంక్రాంతికి చిన్నాన్న తన అగ్ఫా క్లిక్ త్రీ కెమేరాతో తీశాడు. ఆ కెమేరాలో రోలుకు పన్నెండే ఫోటోలు. అమ్మ వాకిట్లో వంగి ముగ్గు వేస్తున్నది. నడినెత్తి పాపిడి, జారిన కొంగు, చెయ్యి మాత్రమే కనబడతాయి, ముఖం లేదు. "పన్నెండులో ఒకటి వృథా చేశావు" అని నాన్న చిన్నాన్నను చాలా రోజులు దెప్పారు. ఇప్పుడు లెక్క వేసుకోండి. ఆనాటి ఒక రోలు ఫిల్ము మా చిత్రంలో ఒక్క సెకనుకు సరి. నలభై సెకన్లకు నాలుగు వందల ఎనభై బొమ్మలు గీశాము. మూడు నెలలు పట్టింది. ఎక్కువ భాగం మేనకోడలు గీసింది. చుక్కల బొమ్మలు నా మనుమరాలివి.

ఆ భాగం ఇట్లా వుంటుంది. ముందు చుక్కలు ఒకటొకటిగా పడతాయి. గీత బయలుదేరి చుక్కలను చుట్టివస్తుంది. సగంలో ఆగుతుంది. "ఎందుకు ఆపావు?" అని నేను అడగలేదు. అమ్మ ముగ్గు మధ్యలో ఆగి, నడుముమీద చెయ్యి పెట్టి, కొంగు సర్దుకొని, అప్పుడు మళ్ళీ వంగేదని నేనే వాళ్ళకు ఎప్పుడో చెప్పి మరిచిపోయాను. మనుమరాలు మరువలేదు. ఒకే బొమ్మను పన్నెండు బొమ్మల వంతుసేపు నిలిపింది. గోడమీద గీత ఆగిన ఆ ఒక్క సెకనులో మా అమ్మ లేచి నిలబడ్డట్టే అయింది నాకు. కండ్లు తుడుచుకొన్నాను. పిల్ల నావైపు చూసి, "ఇది జేజమ్మేనా?" అని అడిగింది. అవునన్నాను. యంత్రం చేసిన నవ్వును చూసినప్పుడు ఆ మాట అనలేకపోయాను.

చెల్లెలి పెండ్లి ఆల్బం సంగతి కష్టమైంది. "నా పెండ్లిని మరకలు చేసి ఆడిస్తావుటే?" అని కూతురి మీద మండిపడింది. కూతురు బలవంతం చేయలేదు. ఒక్కొక్క పుటా ముందు పెట్టి, "ఇక్కడ ఎవరు కూర్చొన్నారమ్మా?" అని అడిగింది. చెల్లెలు తల త్రిప్పుకొనే చెప్పనారంభించింది. ఇక్కడ మా అత్తగారు, పసుపు చీర. ఇక్కడ తిరుత్తణి పెద్దమ్మ, మూడు మెట్లు ఎక్కడానికి ముగ్గురు పట్టుకొన్నారు. నేను ఇంజనీరింగు బుద్ధి చూపించి, అది చీర పసుపు కాదమ్మా, అడుగు పొర రంగు మిగిలింది అన్నాను. "నాకు తెలుసులే అన్నయ్యా. నేను చెబుతున్నది చీర సంగతి, మరక సంగతి కాదు" అన్నది. ఆనాడు నలభై రెండు మంది పేర్లు వ్రాసుకొన్నాము. చిత్రంలో ఆ ఎరుపు పసుపు మడుగులు ఒకదానిలోకి ఒకటి కదులుతూ, మూడు మెట్లు ఎక్కినట్టు మూడుసార్లు ఆగి ఆగి పైకి పోతాయి. చూసినవాళ్ళకు అది రంగుల ఆట. చెల్లెలికి పెద్దమ్మ.

సంక్రాంతినాడు చూసిన పెద్దలొకరు నన్ను నిలదీశారు. "ముఖం తీసేస్తే రేపటివాడు మనవాళ్ళను ఎట్లా గుర్తుపడతాడు? ఇది పెద్దలను గౌరవించడమా, చెరపడమా?" అన్నారు. ఆ ప్రశ్నను నేను త్రోసిపుచ్చను. పేరు లేని నైరూప్య చిత్రం మా తరువాత అనాథ అవుతుంది, నిజమే. అందుకే చిత్రం చివర మా చెల్లెలి గొంతుతో పేర్లు చదివించాము. అసలు ఫోటో గోడమీద వుండవలసిందే. ఐతే నేను వారిని తిరిగి ఒకటి అడిగాను. ముఖం వున్నంత మాత్రాన గుర్తుపడుతున్నామా? మీ యింటి గ్రూపు ఫోటోలో వెనుక వరుసలో నిలబడ్డ నలుగురి పేర్లు చెప్పండి, అని. ఆయన రెండు చెప్పి ఆగారు. పటంలో ముఖం స్పష్టంగానే వున్నది. పోయినది మాట.

ఈ నెలలోనే చూశాము. 2025 మార్చిలో ఇంటి ఫోటోలను కంప్యూటరుకు ఇచ్చి జపాను బొమ్మల సినిమాల తీరులో మార్పించుకొనే సరదా దేశమంతా పాకింది. మా పిల్లలూ చేశారు. ముచ్చటగానే వున్నవి, నేను కాదనను. కాని ఆ పని అర నిమిషంలో అయిపోతుంది. ఎవరూ ఎవరినీ ఏమీ అడగనక్కరలేదు. నాన్న సైకిలు ఎట్లా ఎక్కేవాడని అది తమ్ముణ్ణి అడగదు. పైగా ఇచ్చిన ఫోటో మన చేయి దాటి ఎక్కడికి పోతుందో మనకు తెలియదు. ఇంట్లో ఆడవాళ్ళవి, పిల్లలవి ఇచ్చేముందు ఒకసారి ఆలోచించుకోండి.

ఇక ముగిస్తాను. నాలుగు పనికివచ్చే మాటలు చెప్పి కూర్చుంటాను. ఫోటో వెనుక అంచున మెత్తని పెన్సిలుతో పేర్లు వ్రాయండి. బాల్ పెన్ను నొక్కితే ముందువైపు అచ్చు పడుతుంది. తడిసిన ఫోటోలను ఎండలో పెట్టకండి. చల్లని శుభ్రమైన నీటిలో ముంచి తీసి, బొమ్మ పైకి వుండేటట్టు నీడలో ఆరబెట్టండి. అద్దానికి అంటుకొని ఎండిపోయిన పటాన్ని పీకకండి, అద్దంమీదనుంచే నకలు తీసుకోండి. ఆల్బములు బీరువా పై అరలో పెట్టండి. ఆవడిలో మనకు నీళ్ళు ఎటునుంచి వస్తాయో తెలియనిది కాదు.

వీటికన్న ముఖ్యమైనది ఒకటి. ఈ రాత్రి ఇంటికి పోయి ఒక్క పటం దింపండి. ఇంట్లో పెద్దవారు ఎవరు వుంటే వారిని, "ఈయన ఎట్లా నడిచేవాడు?" అని అడగండి. పేరు అడిగితే పేరు చెప్పి ఊరుకొంటారు. నడక అడిగితే లేచి నడిచి చూపిస్తారు. పిల్లల చేతికి కాగితం, పెన్సిలు ఇవ్వండి. పన్నెండు బొమ్మలు గీస్తే ఒక సెకను. తెలుగు చదవలేని మనుమలు మనలో ఎందరికో వున్నారు. వాళ్ళకు మన పద్యం అందకపోవచ్చు, ఉత్తరం అందకపోవచ్చు. జేజమ్మ ముగ్గు మధ్యలో ఆగిన ఆ సెకను అందుతుంది.

వచ్చే ఉగాదికి ఇంటికొక సెకను చొప్పున తెస్తే, ఈ గోడమీదనే అన్నిటినీ కలిపి వేసుకొందాము. నా భాగంగా నాన్నగారి మూడు గంతులు ఇస్తాను.

 పిల్లలు పాటలకు సిద్ధంగా వున్నారు.